షింజుకు షార్క్ రచయిత ఒసావా అరిమాసా: 28 పుస్తకాల తర్వాత 29వది ఎలా నిలబడింది?

కపిలతీర్థం రోడ్డు పాఠకుడు:

తిరుపతిలో మా పాఠకుల బృందం వచ్చే నెల జపాన్ పోలీసు నవలల మీద కూర్చుంటోంది. ఒసావా అరిమాసా గురించి నలభై నిమిషాలు మాట్లాడటం నా వంతు. వినేవాళ్లలో పోలీసు శాఖలో రిటైరైన ఇద్దరు ఉన్నారు. హోదాల దగ్గర తప్పు చెబితే అక్కడికక్కడే పట్టుకుంటారు.

స్థూలంగా చేతిలో ఉన్నది ఇది. 1956లో నాగోయాలో పుట్టారు, కెయో యూనివర్సిటీ చదువు మధ్యలో వదిలేశారు. 1979లో ఒక పత్రిక కొత్త రచయితలకిచ్చే బహుమతితో రంగంలోకి వచ్చారు. పదకొండేళ్లలో 28 పుస్తకాలు రాసినా ఏదీ ఆడలేదు. 1990లో 'షింజుకు జామె' అనే 29వ పుస్తకంతో దశ తిరిగింది. ఆ పేరుకు షింజుకు షార్క్ అని అర్థం, షింజుకు టోక్యోలోని ఒక ప్రాంతం.

మూడు విషయాలు తేలాలి. పుస్తకాలు అమ్ముడుపోని మనిషి చేత ప్రచురణకర్తలు 28 పుస్తకాలు ఎలా రాయించారు? హీరో సమెజిమా హోదా మన లెక్కలో ఎక్కడికి వస్తుంది? ఏ పుస్తకంతో మొదలుపెట్టమని చెప్పాలి? వీటితోపాటు ఇంకొకటి: ఇదే పద్ధతిలో ఎర్రచందనం కేసు మీద తిరుపతి నేపథ్యంగా నవల రాయాలని మా బృందంలో ఒకరు ప్లాను వేస్తున్నారు. హీరో ఎస్సై. ఇక్కడ ఆ పద్ధతి అతుకుతుందా?

పాత పేజీలు:

మొదటి ప్రశ్నకు జవాబు జపాన్ పుస్తకాల లెక్కలోనే ఉంది. అక్కడ రాయల్టీ సాధారణంగా పుస్తకం ధరలో పది శాతం. అది అమ్ముడైన కాపీల మీద కాదు, అచ్చువేసిన కాపీల మీద ఇవ్వడం ఎక్కువగా ఉన్న పద్ధతి. అంటే మొదటి ముద్రణ డబ్బు రచయితకు ఎలాగూ అందుతుంది. షాపుల్లో మిగిలినవి ప్రచురణకర్తకు వాపసు వెళ్తాయి. వాపసులు పెరిగేకొద్దీ ఆ రచయిత తర్వాతి పుస్తకానికి మొదటి ముద్రణ తగ్గిస్తారు. రచయిత నిలదొక్కుకునేది రెండో ముద్రణ, మూడో ముద్రణల దగ్గర. వాటికి కొత్తగా ఒక్క అక్షరం రాయనక్కర్లేదు, డబ్బు మాత్రం మళ్లీ వస్తుంది.

ఒసావాకు ఆ రెండో ముద్రణే పడలేదు. 'శాశ్వత మొదటి ముద్రణ రచయిత' అనే ముద్ర ఆయన మీద అందుకే పడింది, తర్వాతి రోజుల్లో ఆయనే ఆ మాట బహిరంగంగా చెప్పుకున్నారు. రెండో ముద్రణ లేకపోతే బతకడానికి దారి ఒక్కటే, ఇంకో కొత్త పుస్తకం రాయడం. పదకొండేళ్లకు 28 అంటే ఏడాదికి రెండున్నర. ఆ వేగం ఉత్సాహం కొద్దీ వచ్చింది కాదని మీ ప్రసంగంలో గట్టిగా చెప్పండి. మన దగ్గర చాలామంది రచయితలు సొంత డబ్బుతో 500, 1000 కాపీలు వేసుకుని అవి ఇంట్లో మిగిలితే ఆగిపోతారు. అక్కడ ఒసావా ఆగడానికి వీల్లేదు, ఇల్లు గడిచేదే మొదటి ముద్రణ డబ్బుతో.

ఆ 28 పుస్తకాలూ పనికిరానివని మాత్రం అనకండి. తొలి రచనలోని సకుమా కో తప్పిపోయినవాళ్లను వెతికే కుర్రాడు. 1980ల్లో తండ్రికి సాయంగా డిటెక్టివ్ పనిచేసే హైస్కూలు అబ్బాయి సిరీస్ నడిచింది, అందులో హాస్యం పాలు ఎక్కువ. 1989లో 'కోరి నో మోరి' అనే బరువైన ప్రైవేటు డిటెక్టివ్ నవల వచ్చింది. వీటన్నిటిలో హీరో వ్యవస్థకు బయట ఉన్న మనిషి. చాండ్లర్ తరహా అమెరికన్ డిటెక్టివ్ కథలు చదివి పెరిగినవాడికి అది సహజం. కానీ జపాన్‌లో ప్రైవేటు డిటెక్టివ్‌కు తుపాకీ ఉండదు, అరెస్టు అధికారం ఉండదు, హత్య జరిగిన చోటికి రానివ్వరు. కథ వేడెక్కాల్సిన ప్రతిచోటా హీరో గడప బయటే నిలబడాలి. 1990లో ఒసావా అదే ఒంటరి మనిషికి పోలీసు గుర్తింపు కార్డు ఇచ్చారు. మలుపు అక్కడుంది. యాక్షన్ సన్నివేశాలు అంతకు ముందూ రాశారు, బాగానే రాశారు.

పుస్తకం వచ్చిన రూపం కూడా కలిసొచ్చింది. కోబున్షా వాళ్ల కప్పా నోవెల్స్ వరుసలో, రైల్లో చేతిలో పట్టుకు చదువుకునే సన్నటి సైజులో వచ్చింది. ఏటా వచ్చే మిస్టరీ పుస్తకాల ర్యాంకింగ్ 'కొనో మిస్టరీ గ సుగోయి' 1991 సంచికలో మొదటి స్థానం దక్కింది. 1991లోనే యోషికావా ఎయిజి కొత్త రచయిత బహుమతీ, మిస్టరీ రచయితల సంఘం బహుమతీ రెండూ వచ్చాయి.

చాలామంది పొరబడే చోటు ఒకటుంది. జపాన్‌లో పేరున్న సాహిత్య పురస్కారం నవోకి బహుమతి ఈ మొదటి భాగానికి రాలేదు. నాలుగో భాగం 'ముగెన్ నింగ్యో'కు వచ్చింది. అది 1993 రెండో అర్ధసంవత్సరపు బహుమతి, ప్రకటన 1994 జనవరిలో. కాబట్టి ఏడాది రెండు రకాలుగా కనిపిస్తుంది, రెండూ సరైనవే.

స్టేషన్ రైటర్:

హోదాల సంగతి నేను చెబుతాను. జపాన్ పోలీసుల్లో కింది నుంచి పైకి తొమ్మిది మెట్లు: జున్సా, జున్సా బుచో, కెయిబుహో, కెయిబు, కెయిషి, కెయిషిసెయి, కెయిషిచో, కెయిషికాన్, కెయిషిసోకాన్. చివరిది టోక్యో పోలీసు అధిపతి ఒక్కరికే. మన లెక్కకు దగ్గరగా చెప్పాలంటే జున్సా కానిస్టేబుల్, కెయిబుహో ఎస్సై, కెయిబు సీఐ. ఆ పైన పోలికలు సరిగా కుదరవు, అక్కడితో ఆగడం మంచిది.

మెట్లకన్నా ముఖ్యం ఎవరు ఎక్కడ ఎక్కుతారన్నది. మామూలుగా చేరినవాళ్లు జున్సాగా మొదలై పరీక్షలు రాసుకుంటూ పైకి వస్తారు. జాతీయ స్థాయి పరీక్ష పాసై వచ్చే కొద్దిమంది కెయిబుహోగానే మొదలవుతారు. మన ఐపీఎస్ వాళ్లలాగా వాళ్లది వేరే దారి, పైకి పోవడం దాదాపు ఖాయం. వీళ్లు కేంద్రంలోని నేషనల్ పోలీస్ ఏజెన్సీ మనుషులు. ఆ ఏజెన్సీకి వీధుల్లో తిరిగే బలగం లేదు. కేసులు పట్టేది 47 ప్రాంతీయ పోలీసు విభాగాలు, అందులో టోక్యో ఒకటి. ఈ రెండిటినీ ఒకటిగా చెబితే మీ రిటైర్డ్ అధికారులు ఊరుకోరు.

సమెజిమా ఆ పరీక్ష పాసై వచ్చినవాడు. ఇప్పటికి పై అంతస్తులో ఉండాలి. కెయిబు దగ్గరే ఆగిపోయి షింజుకు స్టేషన్‌లో నేర నిరోధక సెక్షన్‌లో ఉన్నాడు. కారణం ఒక ఉత్తరం. అతని బ్యాచ్ మనిషి, నిఘా విభాగంలో పనిచేసినవాడు, ఆత్మహత్య చేసుకుంటూ పోలీసు శాఖ లోపలి వర్గాల తగాదాల గుట్టంతా రాసి సమెజిమాకు పంపాడు. రెండు వర్గాలూ ఆ ఉత్తరం అడిగాయి. ఎవరికీ ఇవ్వలేదు.

ఈ ఒక్క ఉత్తరంతో ఒసావా చేయించుకున్న పని చూడండి. సమెజిమాకు ప్రమోషన్ ఎందుకు రాదో అది చెబుతుంది. అతన్ని ఎందుకు తీసేయలేరో కూడా అదే చెబుతుంది, తీసేస్తే ఉత్తరం బయటికొస్తుందని భయం. ఒంటరిగా ఎందుకు తిరుగుతాడన్నదానికీ అదే కారణం. జపాన్‌లో డిటెక్టివ్‌లు జంటగా వెళ్లడం రివాజు, పెద్ద కేసు పడితే దర్యాప్తు కేంద్రం పెట్టి మనుషులను జతలుగా విడదీస్తారు. సమెజిమాతో జతకట్టడానికి ఎవరూ రారు. హీరో ఒక్కడే చీకటి సందులోకి ఎందుకెళ్లాడు, ఫోన్ చేసి పదిమందిని పిలవొచ్చు కదా అన్న ప్రశ్నకు మొదటి పేజీల్లోనే జవాబు పడిపోయింది. అక్కడి నుంచి పన్నెండు భాగాలు ఆ జవాబు మీదే నడిచాయి.

రెండు తేదీలు కూడా రాసుకోండి. యాకుజా అనే జపాన్ నేర ముఠాల మీద ప్రత్యేక చట్టం 1991లో చేశారు, 1992 మార్చిలో అమల్లోకి వచ్చింది. ఫోన్లు వినడానికి అనుమతించే చట్టం 1999ది, అమలు 2000 నుంచి. మొదటి రెండు భాగాలు 1990, 1991లో వచ్చాయి కాబట్టి అందులో ముఠాలు బోర్డు పెట్టుకుని ఆఫీసు నడపడం, పోలీసులు గంటల తరబడి కాపు కాయడం ఆ రోజులకు సరిగ్గా సరిపోతాయి. ఇప్పటి కళ్లతో చూసి తప్పు అనకూడదు.

కపిలతీర్థం రోడ్డు పాఠకుడు:

ఇద్దరికీ ధన్యవాదాలు. ఉత్తరం గురించి చదివాను కానీ అది ఇన్ని పనులు చేస్తోందని గమనించలేదు. అయితే మా నవలకు ఐపీఎస్ అధికారిని స్టేషన్‌లో కూర్చోబెడితే సరిపోతుందా?

భాకరాపేట ఘాట్:

సరిపోదన్నా. ఐపీఎస్ అధికారికి తొలి పోస్టింగే ఏఎస్పీ. ఎంత కోపమొచ్చినా ఆయన్ను సీఐ కుర్చీలో కూర్చోబెట్టరు. సమెజిమా పరిస్థితి యథాతథంగా ఇక్కడికి తెస్తే మొదటి పేజీలోనే కథ అబద్ధమైపోతాది. మన దగ్గర మనిషిని పక్కన పెట్టే దారులు వేరే ఉండాయి. వీఆర్‌లో, అంటే పోస్టింగ్ ఇవ్వకుండా ఖాళీగా పెడతారు, లూప్‌లైన్‌కు, అంటే ప్రాధాన్యం లేని పోస్టుకు పంపుతారు, ట్రైనింగ్ కాలేజీకి వేస్తారు. గ్రూప్-1లో నేరుగా డీఎస్పీగా వచ్చినాయన్ని తీసుకుని లూప్‌లైన్‌లో పడేయండి, అది నమ్ముతారు. ఎస్సైనే కావాలంటే వీఆర్ నుంచి ఎర్రచందనం స్మగ్లింగును పట్టే టాస్క్‌ఫోర్స్‌కు డిప్యుటేషన్ మీద వచ్చినట్టు పెట్టండి. టాస్క్‌ఫోర్స్‌లో పోలీసులు, ఫారెస్టువాళ్లు కలిసి పనిచేస్తారు కాబట్టి అక్కడ రెండు శాఖలకూ పరాయివాడవుతాడు. ఒంటరితనం దానంతటదే వస్తాది.

ఇక ముఖ్యమైంది, ఎవర్ని వెంటాడాలన్నది. మొదటి భాగంలో సమెజిమా వేట ముఠా నాయకుడి కోసం కాదు. కిజు అనే పనివాడి కోసం. అతను చూస్తే తుపాకీ అనిపించని వస్తువుల్లో తుపాకులు దాచి తయారుచేసే మనిషి. ఊళ్లో పోలీసులు వరసగా హతమవుతుంటే స్టేషనంతా హంతకుడి వెంటపడుతాది, ఈయన మాత్రం ఆ తుపాకీ చేసిన చేతుల వెంటపడతాడు. ఎర్రచందనం కథలు రాసేవాళ్లు నేరుగా పెద్ద స్మగ్లర్‌తో మొదలుపెడతారు, అక్కడే చప్పబడిపోతాది. మీవాళ్లను వ్యాను అడుగున, లారీ బాడీలో దొంగ అరలు కట్టే షెడ్డు మేస్త్రీతో మొదలుపెట్టమనండి. దుంగలు బరువైనవి. అర ఎంత లోతు కట్టాలి, బండి వెనక్కి ఒరగకుండా పట్టీలు ఎన్ని వేయాలి, చెక్‌పోస్టులో చేత్తో తట్టి చూసినప్పుడు ఆ రేకు ఏ శబ్దం చేస్తాది, ఇవన్నీ ఆ మేస్త్రీకే తెలుసు. ముందు పోయే పైలట్ కారు, అడవిలో దుంగ మోసే కూలీలు, కూలీలను పంపే మేస్త్రీ, కొనేవాడు, వీళ్లెవరూ ఒకరికొకరు తెలియకపోవచ్చు. షెడ్డువాడు అందరి బండ్లూ చూస్తాడు.

ఐదో భాగం 'హొనో సనాగి' కూడా మీకు పనికొస్తాది. అందులో సమెజిమాకు తోడు వచ్చేది పోలీసు కాదు, మొక్కల క్వారంటైన్ అధికారి. బయటి దేశం నుంచి వచ్చిన పురుగు వరికి తగులుకోకముందే పట్టుకోవాలన్నది ఆయన తొందర. హంతకుడికన్నా పురుగే ముఖ్యం ఆయనకు. మీ కథలో ఫారెస్టు అధికారికి అట్లాంటి సొంత తొందర ఇవ్వండి. ఎస్సైకి మనిషి కావాల, ఫారెస్టాయనకు దుంగ కావాల. దుంగ దొరికితే కేసు అయిపోయిందనే శాఖ, మనిషి దొరికితేనే అయిపోతుందనే శాఖ ఒకే జీపులో పోతుంటే గొడవ మీరు కల్పించనక్కర్లేదు.

గడియారం కూడా మార్చాల. జపాన్‌లో అరెస్టు చేసినాక పోలీసులకు 48 గంటలు, ఆపైన ప్రాసిక్యూటర్‌కు 24 గంటలు, కోర్టు ఒప్పుకుంటే 10 రోజులు, ఇంకో 10 రోజులు. మొత్తం 23 రోజులు ఒక కేసులో మనిషిని లోపల పెట్టుకుని అడగొచ్చు. అందుకే వాళ్ల నవలల్లో విచారణ గది అంతసేపు నడుస్తాది. మనకు ప్రయాణ సమయం పోను 24 గంటల్లో మేజిస్ట్రేటు ముందు పెట్టాల, పోలీసు కస్టడీ మొత్తం కలిపి 15 రోజులు దాటకూడదు. తెలుగు నవలలో ఎస్సై మూడు రోజులు స్టేషన్‌లోనే అడుగుతూ కూర్చుంటే ఆ మనిషి అక్రమ నిర్బంధంలో ఉన్నట్టు. రాసేవాళ్లు అది తెలిసి రాయాల. ఎస్సై నిజాయతీపరుడనీ చెప్పి, అదీ చేయిస్తే కుదరదు.

చంద్రగిరి లైబ్రరీ:

పైన చెప్పినవాటితో ఏకీభవిస్తూనే ఒక మాట. ఒంటరి హీరో ఒక్కటే దారి అన్నట్టు మీ ప్రసంగం వెళ్లకూడదు. ఒసావా తర్వాత ఈ తరహా నవల ఇంకో రెండు దిక్కులకు వెళ్లింది.

ఒకరు కొన్నో బిన్. 1955లో హొక్కైడోలో పుట్టారు. విద్యార్థిగా ఉండగానే 1978లో కొత్త రచయిత బహుమతి అందుకున్నారు. రికార్డు కంపెనీలో ఉద్యోగం చేసి పూర్తికాల రచనలోకి వచ్చారు. కరాటే నేర్పుతారు కాబట్టి తొలి పుస్తకాల్లో దెబ్బలాటలు ఎక్కువ. 1988లోనే స్టేషన్ బృందం కథలు మొదలుపెట్టినా పెద్ద గుర్తింపు 2005 నాటి 'ఇన్‌పెయి సోసా'తో వచ్చింది. దాని హీరో ర్యూజాకి కేంద్ర ఏజెన్సీలో ఫైళ్లు చూసే అధికారి, చేత్తో ఎవర్నీ కొట్టడు. శాఖ పరువు కోసం నిజం దాచమంటే దాచనంటాడు, ఉత్కంఠ అంతా దాని మీదే. దాని తర్వాతి భాగానికి 2008లో యమామోతో షుగొరో బహుమతి, మిస్టరీ రచయితల సంఘం బహుమతి రెండూ వచ్చాయి. తొలి బహుమతి నుంచి ముప్పై ఏళ్లు. ఆలస్యంగా నిలబడటం ఒసావా ఒక్కరి కథ కాదని చెప్పడానికి ఇది బలమైన ఉదాహరణ.

ఇంకొకరు యోకొయామా హిదెయో. గుమ్మ ప్రాంతపు పత్రికలో పన్నెండేళ్లు విలేకరిగా పనిచేశారు. 1998లో 'కగె నో కిసెత్సు'కు మత్సుమోతో సెయిచో బహుమతి వచ్చింది. ఆయన పోలీసులు బదిలీల ఫైళ్లు చూసేవాళ్లు, పత్రికలవాళ్లకు వివరాలిచ్చేవాళ్లు. 2012 నాటి 'సిక్స్ ఫోర్' హీరో ప్రెస్ విభాగం అధికారి. ఆ పేరు జపాన్ పంచాంగంలోని షోవా శకం 64వ సంవత్సరానిది, చక్రవర్తి మరణంతో 1989 జనవరి 7తో ముగిసి ఏడు రోజులే నడిచిన ఏడాది అది. ఆ వారంలో జరిగిన పిల్ల అపహరణ కేసు తేలకుండా పోయింది.

తిరుపతి నవలకు నా ఓటు అయితే ఒసావాకే. షింజుకులో ఎవరు ఎవరో ఎవరికీ తెలియదు, స్టేషన్ దిగిన మనిషి గంటలో జనంలో కలిసిపోతాడు. రోజూ వేల మంది భక్తులు దిగి మర్నాటికి వెళ్లిపోయే ఊరు మనది. లీలామహల్ సెంటర్‌లో కొత్త ముఖం చూసి ఎవరూ ఆగి అడగరు. చిత్తూరులోనో పలమనేరులోనో కథ పెడితే ఆ సదుపాయం పోతుంది, అక్కడికైతే యోకొయామా పద్ధతి నయం.

పాత పేజీలు:

చదివే క్రమం ఇంకా ఎవరూ చెప్పలేదు కాబట్టి అది రాస్తాను. ఇంగ్లిష్‌లో వర్టికల్ సంస్థ రెండు భాగాలు వేసింది: మొదటిది 2007లో, రెండోది 'ద పాయిజన్ ఏప్' పేరుతో 2008లో. వాడిన పుస్తకాల్లో వెతకాలి. మొదటిదే ముందు చదవాలి, ఉత్తరం సంగతి అందులో ఉంది. రెండోదాన్లో తైవాన్ నుంచి వచ్చిన హంతకుడూ, వాణ్ని వెతుక్కుంటూ వచ్చిన తైవాన్ పోలీసూ ఉంటారు. యాక్షన్ మీద మాట్లాడాలంటే దాన్నుంచే ఉదాహరణ తీసుకోండి.

రాయాలనుకునే మీ మిత్రులకు ఇంకొకటి. ఒసావా 2012లో రచనా పాఠాలను పుస్తకంగా వేశారు. బలమైన పాత్ర, సంభాషణ, ప్లాటు ఒక్కొక్క పాఠం. కథలో గుచ్చుకునే ముల్లు ఉండాలని ఒక పాఠమంతా ఉంది. జపనీస్ చదవగలిగిన వారెవరైనా ఆ ఒక్క పాఠం మీకు వివరించినా చాలు. 1990కి ముందు ఆయన పుస్తకాల్లో లేని ముల్లు ఏమిటో స్టేషన్ రైటర్ గారు చెప్పిన ఉత్తరం పక్కన పెట్టి చూడొచ్చు.

నలభై నిమిషాల్లో పన్నెండు భాగాలూ చెప్పాలని చూడకండి. ముద్రణల లెక్కకు ఎనిమిది నిమిషాలు, హోదాలకూ ఉత్తరానికీ పదిహేను, మొదటి రెండు భాగాలకు పది, మిగతాది ప్రశ్నలకు. హోదాల తొమ్మిది పేర్లు నోటితో చెబితే ఎవరికీ గుర్తుండవు, కాగితం మీద రాసి పంచండి. 2011లో వచ్చిన పదో భాగం ముగింపు మాత్రం బయటపెట్టొద్దు. అది పుస్తకంగా రాకముందు ఇంటర్నెట్‌లో సీరియల్‌గా వచ్చిందనీ, పదకొండో భాగానికి పాఠకులు 2019 దాకా ఆగారనీ చెబితే సరిపోతుంది.